పర్లాకిమిడి ప్రెస్సులో విండోస్ 98: మద్దతు ముగిసిన వ్యవస్థను వెతికి ఎక్కించిన కేసు

ఒడిశాలోని గజపతి జిల్లా కేంద్రం పర్లాకిమిడిలో ఒక చిన్న ప్రెస్సు ఉంది. ఊరు ఒడిశాదే అయినా ఆ ప్రెస్సుకు వచ్చే పనిలో పెద్ద భాగం తెలుగు పనే. పొరుగునే ఉన్న పాతపట్నం నుంచీ, వంశధార ఒడ్డున ఉన్న కాశీనగర్, గుణుపురాల నుంచీ శుభలేఖలు, దినకర్మ కార్డులు, గుడి ఉత్సవాల కరపత్రాలు, బడి వార్షికోత్సవ సంచికలు, స్థానిక కవుల శతకాలు అక్కడికి కంపోజింగుకు వస్తాయి. ఈ పనంతా ఇరవై ఏళ్లకు పైగా ఒకే కంప్యూటరు మీద జరిగింది. పెంటియం 4 ప్రాసెసరు, ఇంటెల్ 845 చిప్‌సెట్ ఉన్న మదర్‌బోర్డు, 40 గిగాబైట్ల ఐడీఈ (పాత రకం కనెక్షను) హార్డ్‌డిస్కు, విండోస్ 98 రెండో ఎడిషను, పేజీలు కూర్చే పేజ్‌మేకరు, ఒక తెలుగు ఫాంట్ల సాఫ్ట్‌వేరు, ఆ సాఫ్ట్‌వేరు నడవాలంటే ప్రింటరు పోర్టుకు తప్పనిసరిగా తగిలించి ఉంచవలసిన డాంగిల్ (అసలు ప్రతేనని రుజువు చేసే చిన్న పరికరం): ఆ ప్రెస్సు కంపోజింగు సామగ్రి ఇంతే.

వర్షాకాలంలో ఆ కంప్యూటరు మొరాయించింది. మొదట పేజీలు తెరుచుకోవడానికి ఎక్కువసేపు పట్టేది, తరువాత డిస్కు నుంచి టక్కు టక్కుమనే చప్పుడు రావడం మొదలైంది, చివరికి విండోస్ లేవడమే మానేసింది. రిపేరుకు పిలిస్తే నేను వెళ్లేసరికి యజమాని ఒక కొత్త ల్యాప్‌టాప్ కొని పక్కన పెట్టుకుని ఉన్నారు గానీ, దానిమీద ఆయన పని ఒక్కటీ సాగడం లేదు. “బాబూ, కొత్త మిషను కొనడానికి నేనేం వెనకాడలేదు. కానీ పాత మేటరంతా దాంట్లోనే ఉంది గదా. ఆ అక్షరాలు మళ్లీ రావాలి” అని ఆయన అన్న మాటనే నేను ఈ కేసుకు నిర్దేశంగా తీసుకున్నాను.

పనికి ఏది కావాలి

ఇటువంటి పిలుపు వచ్చినప్పుడు చాలామంది మొదట ఆపరేటింగ్ సిస్టమ్ సీడీ కోసం వెతుకుతారు. నేను దాన్ని వెనక్కి పెడతాను. విండోస్ 98కు మైక్రోసాఫ్ట్ మద్దతు 2006 జులై 11తో ముగిసింది, విండోస్ ఎక్స్‌పీకి 2014 ఏప్రిల్ 8తో, విండోస్ 10కు 2025 అక్టోబరు 14తో ముగిసింది. ఇలా మద్దతు తీరిపోయిన వ్యవస్థలలో ఏదో ఒకదాన్ని తిరిగి ఎక్కించవలసి వచ్చినప్పుడు, ఏ వెర్షను ఎక్కించాలన్నది మన అలవాటును బట్టీ, మన దగ్గరున్న సీడీని బట్టీ తేలకూడదు. దాని మీద ఆధారపడిన పనిని విడదీసి చూస్తే వెర్షను దానంతటదే తేలుతుంది. ఒక మెట్టు పైనున్న వెర్షను సరిపోయే చోట కింది మెట్టుకు దిగడం భద్రత దృష్ట్యా తప్పు, సరిపోని చోట పై వెర్షను కోసం పట్టుబట్టడం వల్ల ఖర్చు తప్ప మిగిలేది ఉండదు.

ఈ ప్రెస్సుకు కావలసినవి మూడు. పాత మేటరు తెరుచుకోవాలి. దాన్ని దిద్ది మళ్లీ బటర్ పేపరు మీదికో ప్లేటు మీదికో పంపగలగాలి. యజమాని చేతికి అలవాటైన కీబోర్డు పద్ధతిలోనే కొత్త మేటరు కూడా కొట్టగలగాలి. ఈ మూడూ వచ్చి ఆ తెలుగు ఫాంట్ల దగ్గరే ఆగుతాయి.

ఆ తరం తెలుగు ఫాంట్లకు యూనికోడ్‌తో, అంటే అన్ని భాషల అక్షరాలకూ ఒకే సంకేతాల పట్టిక ఇచ్చే ప్రమాణంతో, సంబంధం లేదు. యూనికోడ్ ప్రమాణంలో తెలుగుకు 1991లోనే చోటు దొరికినా, విండోస్‌లోకి తెలుగు వచ్చింది 2001 నాటి ఎక్స్‌పీతో, గౌతమి ఫాంటు రూపంలో. విండోస్ 98కు తెలుగు అనేది ఒకటుందనే తెలియదు. అంచేత అప్పటి ఫాంటు తయారీదారులు ఒక ఫాంటుకు ఉండే 256 స్థానాలలోనే తెలుగును ఇమిడ్చారు. గుణింతాలు, వత్తులు కలిస్తే వచ్చే ఆకారాలు వందల్లో ఉంటాయి కాబట్టి, అక్షరాన్ని తలకట్టు, గుడి, కొమ్ము, వత్తు వంటి ముక్కలుగా విడగొట్టి, ఇంగ్లీషు అక్షరాలూ గుర్తులూ ఉండవలసిన స్థానాల్లో వాటిని సర్దారు. ఏ ముక్క ఏ స్థానంలో ఉంటుందన్నది ఒక్కో తయారీదారుది ఒక్కో లెక్క. మనం నొక్కిన మీటలను బట్టి కీబోర్డు డ్రైవరు ఆ ముక్కలను వరుసగా పేర్చి పేజ్‌మేకరుకు అందిస్తుంది. ఫాంటు లేకుండా ఆ ఫైలును ఏ కంప్యూటరులో తెరిచినా కనిపించేది అర్థంలేని రోమన్ అక్షరాల వరుస మాత్రమే. ఇన్‌డిజైన్ సీఎస్6 వరకు వచ్చిన వెర్షన్లు పేజ్‌మేకరు ఫైళ్లను తెరవగలవు గానీ, పేజీ తెరుచుకున్నంత మాత్రాన తెలుగు తెరుచుకోదు.

ఇక ఫాంట్లను లోడు చేసే ప్రోగ్రాము డాంగిల్‌ను అడిగి చూస్తుంది. ప్రెస్సు బీరువాలో దొరికిన ఆ సాఫ్ట్‌వేరు కరపత్రంలో విండోస్ 95, 98 అనే ఉంది. ఎన్‌టీ వంశానికి చెందిన వ్యవస్థలకు డ్రైవరు దాని సీడీలో లేదు. ఈ చిన్న విషయమే వెర్షనును తేల్చింది. విండోస్ 98లో ఒక మామూలు ప్రోగ్రాము నేరుగా ప్రింటరు పోర్టుతో, అంటే సాధారణంగా హెక్సాడెసిమల్ 378 అనే చిరునామాతో, మాట్లాడగలదు. విండోస్ 2000, ఎక్స్‌పీ, ఆ తరువాత వచ్చినవన్నీ ఎన్‌టీ వంశానివి. వాటిలో మామూలు ప్రోగ్రాము హార్డ్‌వేరును నేరుగా ముట్టుకోవడానికి వీలులేదు, మధ్యలో వ్యవస్థ లోపలి భాగంలో నడిచే కెర్నెల్ డ్రైవరు ఉండి తీరాలి. 64 బిట్ల విండోస్ అయితే 32 బిట్ల డ్రైవర్లను అసలు లోడు చేయదు, 16 బిట్ల ప్రోగ్రాములను నడపదు. యూఎస్‌బీ నుంచి ప్రింటరు పోర్టుగా మార్చే కేబులు కొంటే సరిపోతుందని ఒకరు ఆయనకు సలహా ఇచ్చారట. ఆ కేబులు ప్రింటరుకు మాత్రమే పనికివస్తుంది. 378 చిరునామాలో పోర్టును అది సృష్టించదు. పీసీఐ స్లాటులో పెట్టే పోర్టు కార్డులు కూడా సాధారణంగా వేరే చిరునామా తీసుకుంటాయి, అందువల్ల చిరునామాను లోపలే రాసిపెట్టుకున్న పాత ప్రోగ్రాముకు అవి కనబడవు. కాబట్టి పాత బోర్డు, దాని సొంత ప్రింటరు పోర్టు, విండోస్ 98 రెండో ఎడిషను: ఈ మూడింటిలో దేన్నీ తప్పించే దారి ఈ కేసులో లేదు.

డిస్కును కాపాడటం

చనిపోతున్న డిస్కు ఉన్న కంప్యూటరును పదేపదే ఆన్ చేసి చూడటం కన్నా దానికి చేసే హాని మరొకటి ఉండదు. డిస్కును విప్పి, లినక్స్ ఉన్న నా బల్లమీది కంప్యూటరుకు తగిలించి, జీఎన్‌యూ డీడీరెస్క్యూ అనే ఉచిత ప్రోగ్రాముతో దాని పూర్తి ప్రతిబింబాన్ని (ఉన్నది ఉన్నట్టు తీసిన నకలును) మరో డిస్కులోకి తీసుకున్నాను. ఈ ప్రోగ్రాము మొదట సులువుగా చదవగలిగే భాగాలన్నిటినీ చదివేసి, మొండి భాగాలను చివరికి వదిలి, ఎక్కడెక్కడ చదివిందో ఒక పటం ఫైలులో రాసిపెట్టుకుంటుంది. మధ్యలో కరెంటు పోయినా, డిస్కు వేడెక్కి ఆపవలసి వచ్చినా, ఆగిన చోటు నుంచి మళ్లీ మొదలుపెట్టవచ్చు. అక్కడి నుంచి ఏ పని చేసినా ఆ ప్రతిబింబం మీదనే చేశాను, అసలు డిస్కును మళ్లీ తిప్పలేదు.

ప్రెస్సు మేటరు ఉన్న రెండో విభాగం దాదాపు మొత్తం దక్కింది. దెబ్బతిన్నవి విండోస్ ఉన్న మొదటి విభాగంలోని భాగాలు. విండోస్ 98 తన రిజిస్ట్రీ (సెట్టింగులన్నీ రాసుకునే చోటు) ప్రతులను మామూలుగా అయిదింటిని ఒక ఫోల్డరులో క్యాబ్ అనే కుదించిన ఫైళ్లుగా దాచుకుంటుంది. స్కాన్‌రెగ్ ఆదేశంతో వాటినుంచి పాత రిజిస్ట్రీని తిరిగి తేవచ్చు. అది కుదిరి ఉంటే కొత్తగా ఎక్కించే అవసరమే లేకపోయేది. ఇక్కడ రిజిస్ట్రీతో పాటు సిస్టమ్ ఫైళ్లు కూడా కొన్ని పోయాయి కాబట్టి మళ్లీ ఎక్కించక తప్పలేదు. అయితే ఆ దెబ్బతిన్న రిజిస్ట్రీ ఫైలు ఒక మేలు చేసింది. క్యాబినెట్‌కు అంటించిన లైసెన్సు స్టిక్కరు అక్షరాలు చెరిగిపోయి ఉన్నాయి. విండోస్ 98 తన 25 అక్షరాల ప్రాడక్ట్ కీని రిజిస్ట్రీలో ఏ దాపరికమూ లేకుండా మామూలు అక్షరాలుగానే రాసుకుంటుంది, ప్రతిబింబంలోని సిస్టమ్.డాట్ ఫైలులో ఆ ప్రెస్సు సొంత కీ చెక్కుచెదరకుండా దొరికింది.

మదర్‌బోర్డు మీద ప్రాసెసరు పక్కన కెపాసిటర్లు కొన్ని తలలు ఉబ్బి ఉన్నాయి. ఆ సంవత్సరాల బోర్డుల్లో ఇది మామూలు జబ్బు. వాటిని తీసి, 105 డిగ్రీల వేడిని తట్టుకునే, లోపలి నిరోధం తక్కువగా ఉండే రకాన్నే వేయించాను. రేడియో, టీవీ రిపేరులో వాడే మామూలు రకం ఆ చోట నిలవదు. బోర్డునే మార్చేయవచ్చు కదా అని అడిగేవారుంటారు. పోర్టు చిరునామా సంగతి అలా ఉంచినా, కంప్యూటరుతో పాటు వచ్చిన ఓఈఎమ్ లైసెన్సు ఆ కంప్యూటరుకే చెందుతుంది, బోర్డు మారితే అది వేరే కంప్యూటరు కిందే లెక్క.

సీడీని వెతకడం

ఈ కేసులో నేను ఎక్కువ జాగ్రత్త పడిన భాగం ఇదే.

మద్దతు ఆగిపోవడం వేరు, కాపీరైటు తీరిపోవడం వేరు. విండోస్ 98ను మైక్రోసాఫ్ట్ ఇప్పుడు అమ్మడం లేదు, అలాగని ఉచితంగా వదిలేసిందీ లేదు. ఇంటర్నెట్టులో ఎవరో పెట్టిన ప్రతిని, ఎవరిదో కీతో ఎక్కించి ఇవ్వడం డబ్బు తీసుకుని పనిచేసే మనిషి చేయవలసిన పని కాదని నా ఉద్దేశం. అంతకన్నా గట్టి కారణం మరొకటి ఉంది. అటువంటి ప్రతులలో కొన్నింటిని ఎవరెవరో తమకు నచ్చినట్టు మార్చి, అదనపు ప్రోగ్రాములు చేర్చి కట్టి ఉంటారు. 1998లో బయటపడిన సీఐహెచ్ వైరసు, చెర్నోబిల్ అన్న పేరుతో చాలామందికి గుర్తుండే ఉంటుంది, విండోస్ 95, 98లలో నడిచే ఫైళ్లనే పట్టుకునేది. ఏప్రిల్ 26న మేలుకుని డిస్కు మొదటి భాగాన్ని సున్నాలతో నింపేది, వీలైతే కంప్యూటరును మొదట లేపే బయాస్ చిప్‌ను కూడా చెరిపేసేది. ఆ కాలపు నకలు సీడీలు ఇప్పటికీ అటకల మీద ఉన్నాయి, ఆ వైరసు వాటిలో ఇప్పటికీ నిద్రపోతూ ఉండవచ్చు. పాత వ్యవస్థను ఎక్కించడమంటే ఆ వ్యవస్థకు పట్టిన పాత జబ్బులకు కూడా మళ్లీ తలుపు తీయడమే.

కంప్యూటరుతో వచ్చిన అసలు సీడీ ప్రెస్సులోనే దొరికింది, కానీ కోస్తా తేమలో ఇన్నేళ్లు ఉండి, గీతలు పడి, సగం చదివాక ఆగిపోతోంది. అదే ఓఈఎమ్ సీడీ మరొకటి కావాలి. విండోస్ 98 సీడీలు అన్నీ ఒకటి కావు. విడిగా అమ్మిన పూర్తి సీడీ, అప్‌గ్రేడ్ సీడీ, కంప్యూటరుతో ఇచ్చే ఓఈఎమ్ సీడీ వేర్వేరు; ఒక రకం కీ మరో రకం సీడీతో సాధారణంగా చెల్లదు. మొదటి ఎడిషను వెర్షను సంఖ్య 4.10.1998 అయితే, రెండో ఎడిషనుది 4.10.2222. సీడీలోని ఫైళ్ల తేదీలను చూసి కూడా ఎడిషనును పోల్చుకోవచ్చు: రెండో ఎడిషను ఫైళ్ల మీద 1999 ఏప్రిల్ 23, రాత్రి 10:22 అనే ముద్ర ఉంటుంది. సీడీలో ఉన్న సెటప్ ఫైళ్లలో వేరే తేదీ కనబడితే ఎవరి చెయ్యో పడిందన్న అనుమానంతో చూడాలి. తేదీ సరిగ్గా ఉన్నంత మాత్రాన నమ్మేయకూడదన్నదీ అంతే నిజం.

మా ప్రాంతంలో అసెంబుల్డ్ కంప్యూటర్ల కాలమంతా బరంపురం, విశాఖపట్నాల మీదుగానే నడిచింది. బరంపురంలో అప్పట్లో కంప్యూటర్లు కట్టి అమ్మిన ఒక పెద్దాయన, దుకాణం మూసేశాక కూడా సీడీలనూ, మదర్‌బోర్డు పుస్తకాలనూ ఒక పెట్టెలో పెట్టి ఉంచారు. అందులో అదే ఓఈఎమ్ ముద్రణకు చెందిన సీడీ ఉంది. అది కూడా అక్కడక్కడ దెబ్బతిన్నదే, కానీ వేరే చోట్ల.

రెండు దెబ్బతిన్న సీడీల నుంచి ఒక మంచి ప్రతిని తయారుచేయడానికి డీడీరెస్క్యూ సరిగ్గా సరిపోతుంది. మొదటి సీడీని 2048 బైట్ల సెక్టారు పరిమాణంతో చదివించి పటం ఫైలును దాచుకోవాలి. తరువాత రెండో సీడీని అదే డ్రైవులో పెట్టి, అదే ప్రతిబింబం ఫైలునూ, అదే పటం ఫైలునూ ఇస్తే, మొదటి సీడీలో దొరకని సెక్టార్లను మాత్రమే అది రెండోదాని నుంచి తెచ్చి పూరిస్తుంది. ఇది సరిగ్గా జరగాలంటే రెండూ ఒకే ముద్రణవి అయి ఉండాలి, అంటే వాల్యూమ్ పేరు, మొత్తం సెక్టార్ల సంఖ్య ఒక్కటిగా ఉండాలి. లేకపోతే అతుకు పడ్డ చోట చెత్త చేరుతుంది. డేటా సీడీలో ప్రతి సెక్టారుకూ తప్పును పట్టుకునే సంకేతం ఉంటుంది కాబట్టి, డ్రైవు చదవలేని చోట సాధారణంగా తప్పు అని చెబుతుందే తప్ప తప్పుడు బైట్లను నిశ్శబ్దంగా ఇవ్వదు. అయినా అంతటితో ఊరుకోలేదు. విన్98 ఫోల్డరులో ఉన్న క్యాబ్ ఫైళ్లన్నిటినీ క్యాబ్‌ఎక్స్‌ట్రాక్ట్ ప్రోగ్రాము పరీక్షా పద్ధతిలో నడిపించి చూశాను. అన్నీ సరిగ్గా తెరుచుకున్నాయి. ప్రతిబింబాన్నీ, పేజ్‌మేకరు సీడీనీ, ఫాంట్ల సీడీనీ వైరసులను పట్టే క్లామ్‌ఏవీతో వెతికించి, వైరసు లేదని తేల్చుకున్నాకే వాటిని బల్ల దాటనిచ్చాను.

బరంపురం సీడీ నుంచి తీసుకున్నది కొన్ని సెక్టార్లు మాత్రమే. కీ ప్రెస్సుదే, లైసెన్సు ప్రెస్సుదే, కంప్యూటరు కూడా అదే. సీడీని ఆ పెద్దాయనకు తిరిగి ఇచ్చేశాను.

ఎక్కించడం

కొత్త ఐడీఈ డిస్కులు ఇప్పుడు రావడం లేదు, వాడేసినవి కొంటే ఎప్పుడు పోతాయో చెప్పలేం. అందుకని 120 గిగాబైట్ల సాటా ఎస్‌ఎస్‌డీని, ఐడీఈకి మార్చే చిన్న బ్రిడ్జి బోర్డుతో తగిలించాను. ఇక్కడ రెండు హద్దులు గుర్తుంచుకోవాలి. 137 గిగాబైట్లు దాటిన డిస్కును విండోస్ 98 సొంత డ్రైవరు సరిగ్గా చేరుకోలేదు; ఆ హద్దు మీరితే మొదట బాగానే నడిచి, డిస్కు నిండుతున్న కొద్దీ పాత ఫైళ్లను తుడిచిపెట్టే ప్రమాదం ఉంది. రెండోది, సీడీలో వచ్చే, డిస్కును విభాగాలు చేసే ఎఫ్‌డిస్క్ 64 గిగాబైట్లకు మించిన డిస్కు పరిమాణాన్ని తప్పుగా చూపిస్తుంది, 64 తీసేస్తే మిగిలినదే డిస్కు మొత్తం అనుకుంటుంది. కనుక విభాగాలను లినక్స్‌లోనే చేసి, విండోస్‌కు ఒకటి, మేటరుకు ఒకటి, రెండూ ఫ్యాట్32గా పెట్టి, మిగిలిన సగానికి పైగా జాగాను ఖాళీగా వదిలేశాను. విండోస్ 98 ఎస్‌ఎస్‌డీకి చెరిపిన జాగా వివరం చెప్పదు కాబట్టి, ఆ వాడని జాగా డిస్కు ఆయుష్షుకు పనికివస్తుంది.

ర్యామ్ విషయంలోనూ ఎక్కువ ఉంటే మంచిదన్న ఆలోచన ఇక్కడ చెల్లదు. 512 మెగాబైట్లకు మించితే విండోస్ 98 ఫైలు క్యాషె (చదివిన ఫైళ్లను ర్యామ్‌లో దాచుకునే జాగా) మితిమీరి పెరిగి, జ్ఞాపకం చాలడం లేదన్న విడ్డూరమైన సందేశం వస్తుంది. సిస్టమ్.ఇని ఫైలులో వీక్యాషె కింద గరిష్ఠ పరిమాణం రాసి దీన్ని అదుపు చేయవచ్చు గానీ, 256 మెగాబైట్ల స్టిక్కులు రెండే ఉంచడం మేలని నేను భావించాను.

ఎక్కించే ముందు సీడీలోని విన్98 ఫోల్డరును మొత్తం డిస్కులోకి నకలు చేసి, సెటప్‌ను అక్కడినుంచే నడిపాను. దీనివల్ల పని వేగంగా అవుతుంది, అంతకన్నా ముఖ్యంగా, తరువాత ఏ డ్రైవరు చేర్చినా విండోస్ సీడీ పెట్టమని అడగదు. నకలు చేసే ముందు డిస్కు పనిని వేగం చేసే స్మార్ట్‌డ్రైవ్ నడపకపోతే డాస్‌లో ఈ నకలుకే చాలా సమయం పడుతుంది. సెటప్ ముగిశాక మొదట ఇంటెల్ చిప్‌సెట్ ఫైళ్లు, ఆ తరువాత డిస్‌ప్లే కార్డు, చివర ప్రింటరు: ఈ వరుస మార్చకూడదు. చిప్‌సెట్‌ను గుర్తించకముందే మిగతావి ఎక్కిస్తే పరికరాల జాబితాలో పసుపు గుర్తులు మిగిలిపోతాయి. ఎక్స్‌పీలో ఉండే ఆక్టివేషన్ తంతు 98లో లేదు, కీ ఒక్కటే చాలు.

డాంగిల్ మొదట స్పందించలేదు. బయాస్‌లో ప్రింటరు పోర్టు ఈసీపీ పద్ధతిలో ఉంది. దాన్ని నార్మల్‌కు మార్చి, చిరునామా 378, ఐఆర్‌క్యూ 7 అని ఖాయం చేశాక ఫాంట్ల ప్రోగ్రాము లేచింది. లేజర్ ప్రింటరు కేబులు డాంగిల్ వెనక తగిలించేదే కాబట్టి ప్రింటింగు కూడా వెంటనే పరీక్షించి చూశాం. మొదట తెరిచినది ఒక పాత శతకం మేటరు; వత్తులు, సుడులు ఎక్కడివక్కడ ఉన్నాయి.

ఇదే పని ఎక్స్‌పీతో చేయవలసి వచ్చేవారి కోసం ఒక్క మాట. వేబ్రిడ్జిలు, ల్యాబు యంత్రాలు, పాత లేతులు ఎక్కువగా అడిగేది ఎక్స్‌పీనే. దాని సెటప్ నీలి తెరతో 7బీ అన్న లోపం చూపి ఆగితే, సాధారణంగా కారణం బయాస్‌లో సాటా కొత్త రకమైన ఏహెచ్‌సీఐ పద్ధతిలో ఉండటమే. దాన్ని ఐడీఈ పద్ధతికి మార్చాలి, లేదా ఆ డ్రైవరును సీడీలో కలిపి కొత్త ప్రతి తయారుచేసుకోవాలి. మూడో సర్వీస్ ప్యాక్ కలిసి ఉన్న సీడీతోనే మొదలుపెట్టడం మంచిది.

బయటి ప్రపంచానికి దూరంగా

ఈ కంప్యూటరు మళ్లీ ఎప్పుడూ ఏ నెట్‌వర్కుకూ తగలకూడదన్నది యజమానితో నేను చేసుకున్న మొదటి ఒప్పందం. 2017 మే నెలలో ఫైళ్లకు తాళం వేసి డబ్బు అడిగే వానాక్రై దాడి ప్రపంచమంతా పాకినప్పుడు, మద్దతు ముగిసి మూడేళ్లయిన ఎక్స్‌పీకి కూడా మైక్రోసాఫ్ట్ ప్రత్యేకంగా ప్యాచ్ విడుదల చేయవలసి వచ్చింది. అటువంటి దయ ప్రతిసారీ దొరకదు, 98కు అసలే దొరకదు. బయాస్‌లో నెట్‌వర్కు పోర్టునూ, యూఎస్‌బీనీ మూసేశాను. కీబోర్డు, మౌసు రెండూ పీఎస్/2 రకానివే. విండోస్ 98 రెండో ఎడిషనుకు మామూలు పెన్‌డ్రైవులను గుర్తించే డ్రైవరు సొంతంగా లేదు. అనధికార డ్రైవర్లు దొరుకుతాయి గానీ, కస్టమర్లు తెచ్చే పెన్‌డ్రైవులన్నీ ఆ కంప్యూటరులో దూరకుండా ఆపుతున్న ఆ లోటును నేను పూడ్చదలచుకోలేదు.

మేటరు బయటికి వెళ్లడానికి ఒకే దారి ఉంచాను. వెనకవైపు స్లాటులో ఐడీఈకి తగిలించిన కాంపాక్ట్‌ఫ్లాష్ అడాప్టరు ఉంది. కంప్యూటరు ఆపి కార్డు తీయాలి, ల్యాప్‌టాప్‌లో కార్డు రీడరుతో చదవాలి. మిషను నడుస్తుండగా కార్డు తీయకూడదని అడాప్టరు మీదే రాసి అంటించాం. ల్యాప్‌టాప్ నుంచి ఇటు వచ్చేది ఏదైనా బొమ్మలు, లోగోలు మాత్రమే. ప్రోగ్రాము ఫైలు ఒక్కటి కూడా ఆ కార్డు మీద రాకూడదు.

అన్నీ సరిగ్గా నడిచాక ఎస్‌ఎస్‌డీ పూర్తి ప్రతిబింబాన్ని తీసి, ఒకటి ప్రెస్సులో, ఒకటి యజమాని కొడుకు ఉండే శ్రీకాకుళంలో ఉంచాం. అదే రకం ఎస్‌ఎస్‌డీ మరొకటి, బ్రిడ్జి బోర్డు మరొకటి కొని పక్కన పెట్టించాను. ఇకమీద డిస్కు పోయినా సీడీ వెతకనక్కరలేదు, ప్రతిబింబాన్ని కొత్త డిస్కులోకి ఎక్కిస్తే చాలు. అయితే ప్రతిబింబం తీయలేని వస్తువు డాంగిల్ ఒక్కటి ఉంది.

అక్షరాలను యూనికోడ్‌లోకి తేవడం

డాంగిల్ పోయిన రోజున ఈ వ్యవస్థ మొత్తం నిరుపయోగమవుతుంది. అందువల్ల విండోస్ 98ను నిలబెట్టడాన్ని నేను ఈ పనికి ముగింపుగా చూడలేదు, మేటరు బయటపడేదాకా దొరికిన గడువుగా చూశాను. యజమాని కూడా అందుకు ఒప్పుకున్నారు.

దీన్ని రెండు దారుల్లో చేస్తున్నాం. మార్చనక్కరలేని పుస్తకాలను పోస్ట్‌స్క్రిప్ట్ ప్రింటరు డ్రైవరుతో ఫైలులోకి ప్రింటు చేయించి, ఆ ఫైలును ల్యాప్‌టాప్‌లో ఘోస్ట్‌స్క్రిప్ట్‌తో పీడీఎఫ్‌గా మారుస్తున్నాం. ఫాంటు ఆకారాలు అందులోనే ఇమిడి ఉంటాయి కాబట్టి, డాంగిల్ లేకపోయినా పేజీ ఉన్నది ఉన్నట్టు కనబడుతుంది, అచ్చుకు వెళ్తుంది. దాంట్లో మాట వెతకడం మాత్రం కుదరదు, ఎందుకంటే లోపల ఉన్నవి ఇంకా ఆ ముక్కల సంకేతాలే.

మళ్లీ మళ్లీ దిద్దవలసిన మేటరును మాత్రం యూనికోడ్‌లోకి మార్చాలి. పాత ఫాంటు ముక్కలు కంటికి కనబడే వరుసలో ఉంటాయి, యూనికోడ్ మాత్రం పలికే వరుసను కోరుతుంది. ‘కై’ అన్న అక్షరం పాత ఫైలులో హల్లు, ఎత్వం, కింద తగిలే ఐత్వం ముక్క అని మూడుగా ఉండవచ్చు. యూనికోడ్‌లో అది హల్లు, ఒకే ఐత్వం గుర్తు. ‘క్ర’లో రవత్తు ముక్క కొన్ని ఫాంట్లలో హల్లుకు ముందే నిలబడుతుంది, దాన్ని హల్లు వెనక్కి తెచ్చి, నడుమ పొల్లు గుర్తు పెట్టాలి. ‘మ’, ‘య’, ‘ఘ’ వంటి అక్షరాలలో కొమ్ము అక్షరంలో భాగమా, గుణింతమా అన్నది ముక్కలను చూసి యంత్రానికి తేలదు, పక్కనున్న వాటిని బట్టి నియమం రాయాలి. ఈ ఫాంటుకు పట్టిక తయారుచేయడానికి మేము ఆ 98 కంప్యూటరునే వాడాం. 256 స్థానాలనూ వరుసగా ఒక పేజీ మీద పెద్ద అక్షరాలతో ప్రింటు తీసి, ఒక్కో ముక్క ఎదుట అదేమిటో యజమాని స్వయంగా పెన్నుతో రాశారు. ఇన్నేళ్లు ఆ ముక్కలతోనే పనిచేసిన చెయ్యి కాబట్టి ఆయన ఒక్కదాని దగ్గర కూడా తడబడలేదు. ఆ కాగితాన్ని చూసి పైథాన్‌లో మార్పిడి ప్రోగ్రాము రాశాను.

శతకాలు, స్థల పురాణాల మేటరు మొదట మారుస్తున్నాం, ఎందుకంటే వాటిలో కొన్నింటికి అచ్చు ప్రతులు కూడా ఇప్పుడు దొరకడం లేదు. మారిన పాఠాన్ని యజమాని కోడలు పాత ప్రింటుతో పోల్చి దిద్దుతున్నారు. ఆమె పట్టుకున్న ప్రతి తప్పుకూ ఒక నియమం ప్రోగ్రాములో చేరుతోంది. శుభలేఖల మేటరును చివరికి ఉంచాం. ఒడియా మేటరు వేరే ఫాంటుతో ఉంది, దానికి డాంగిల్ అవసరం లేదు గానీ పట్టిక మళ్లీ మొదటినుంచి తయారుచేసుకోవాలి. తెలుగు శతకాలు పూర్తికాగానే ఆ పని మొదలవుతుంది.